శూన్య సమాధి – ఎడ్విన్ లుట్యెన్స్

న్యూఢిల్లీలోని రాష్ట్రపతి భవనాన్ని కళ్లారా చూడనివారు మనలో చాలామంది ఉండవచ్చు గాని, దాని చిత్రాన్నైనా చూడనివారు అరుదు. ఏటా జనవరి 26న గణతంత్ర దినోత్సవ కవాతు ఆ భవనం ముందున్న విశాలమైన రాజమార్గం మీదుగా సాగుతుంది. ఆ మార్గానికి తూర్పు కొసన ఇండియా గేట్ నిలిచి ఉంటుంది. ఈ రెండు కట్టడాలకూ రూపకల్పన చేసిన వాస్తుశిల్పి ఒక్కరే. ఆయనే సర్ ఎడ్విన్ లుట్యెన్స్. నగర నిర్మాతగా ఆయన పేరు మన దేశంలో సుపరిచితమైనది. కాని మొదటి ప్రపంచ యుద్ధంలో మరణించిన సైనికుల కోసం ఆయన అనేక దేశాలలో నిర్మించిన స్మారకాల సంగతి మనకు అంతగా తెలియదు. లక్షలమందిని బలియిచ్చిన తరువాత ఒక దేశం తన మృతులను ఏ విధంగా తలచుకోవాలి అన్న ప్రశ్న ఆ కాలంలో తలెత్తింది. దానికి ఆయన ఇచ్చిన సమాధానం వింతగా ఉంటుంది. విజేత విగ్రహం లేదు, దేవతా చిహ్నం లేదు, లోపల మృతదేహమూ లేదు. అది ఒక శూన్య సమాధి.

వీరులకు స్మారకాలు నిలపడం మన తెలుగునేలకు కొత్త కాదు. ఆలమందలను కాపాడుతూనో, ఊరిని రక్షిస్తూనో నేలకొరిగిన వీరునికి ఒక శిలను నిలిపి దానిపై అతని రూపాన్ని చెక్కించేవారు. ఆ శిలలనే వీరగల్లులంటారు. పల్నాటి కారంపూడిలో వీరుల గుడి నేటికీ ఉంది. అక్కడ ఏటా కార్తిక మాసంలో ఉత్సవాలు జరుగుతాయి. అయితే వీరగల్లుపై కనిపించేది ఒక ఊరివారంతా ఎరిగిన ఒక మనిషి. 1914లో మొదలైన మహాయుద్ధం అటువంటిది కాదు. బ్రిటిష్ సామ్రాజ్యం పక్షాన మరణించినవారే దాదాపు 10 లక్షలు. వారిలో సుమారు సగం మందికి గుర్తించదగిన సమాధి అంటూ లేకపోయింది. ఫిరంగి గుండ్ల తాకిడికి దేహాలు మట్టిలో కలిసిపోయాయి. పూర్వకాలపు వీరశిల ఇంతటి మరణానికి చాలదు.

లుట్యెన్స్ 1869 మార్చి 29న లండన్‌లో జన్మించారు. తల్లిదండ్రులకు కలిగిన పదముగ్గురు సంతానంలో ఆయన పదవవారు. తండ్రి చార్లెస్ లుట్యెన్స్ సైన్యంలో పనిచేసి, తరువాత చిత్రకారుడైనవాడు. బాల్యంలో తీవ్రమైన కీళ్లజ్వరం సోకడం వల్ల ఎడ్విన్‌కు సోదరులవలె క్రమబద్ధమైన పాఠశాల విద్య అబ్బలేదు. సర్రే ప్రాంతంలోని థర్స్‌లీ గ్రామంలో ఒంటరిగా తిరుగుతూ వడ్రంగుల, తాపీ పనివారల పనితనాన్ని గమనించడమే ఆయన తొలి చదువు. చిన్న గాజు పలకను చేతబట్టుకొని, దానిగుండా ఇండ్లను చూస్తూ, సన్నగా చెక్కిన సబ్బుముక్కతో ఆ గాజుపైనే రేఖలు గీసేవాడని చెబుతారు. లండన్‌లో రెండేళ్లు కళాశాలలో చదివి, ఒక ప్రసిద్ధ సంస్థలో కొంతకాలం పనిచేసి, ఇరవై ఏళ్లు నిండే నాటికే సొంతంగా వృత్తి ప్రారంభించారు. ఉద్యానకళలో ఆరితేరిన గెర్ట్రూడ్ జెకిల్ అనే మహిళతో ఏర్పడిన స్నేహం ఆయనకు పేరు తెచ్చింది. ఇల్లు ఆయనది, తోట ఆమెది. ఆ జంట కృషి ఫలితంగా ఇంగ్లండులో వెలసిన గృహాలు నేటికీ మన్ననలందుకుంటున్నాయి.

1897లో ఆయన ఎమిలీ లిట్టన్‌ను వివాహమాడారు. ఆమె తండ్రి లిట్టన్ ప్రభువు 1876 నుండి 1880 వరకు భారతదేశానికి వైస్రాయి. ఎమిలీ దివ్యజ్ఞాన సమాజం వైపు ఆకర్షితురాలైంది. మన మదనపల్లెలో పుట్టిన జిడ్డు కృష్ణమూర్తిని 1911లో అనీబిసెంట్ ఇంగ్లండుకు తీసుకొని వెళ్లినప్పుడు, ఆ బాలుని కన్నతల్లివలె ఆదరించింది ఈమే. లుట్యెన్స్ దంపతుల కుమార్తె మేరీ తరువాతి కాలంలో కృష్ణమూర్తి జీవితచరిత్రను రచించింది. భర్త ఢిల్లీలో వైస్రాయి భవనానికి ప్రణాళికలు గీస్తుండగా, భార్య భారతీయుల హోంరూల్ ఉద్యమానికి మద్దతు తెలిపేది. ఆ ఇంట సామ్రాజ్యమూ, దానిపై తిరుగుబాటూ ఒకే బల్లవద్ద భోజనానికి కూర్చునేవన్నమాట!

1912లో కొత్త రాజధాని నిర్మాణం నిమిత్తం లుట్యెన్స్ తొలిసారి మన దేశానికి వచ్చారు. ఢిల్లీలో నిజాం ప్రభువు కోసం నిర్మించిన హైదరాబాద్ హౌస్ కూడా ఆయన రూపకల్పనయే. పాఠాలలో మహనీయుల గుణాలనే చెప్పి లోపాలను దాటవేయడం ఆనవాయితీ. కాని ఇక్కడ ఒక మాట చెప్పక తప్పదు. భారతీయ వాస్తుకళ పట్ల ఆయనకు గౌరవం తక్కువ. మన ప్రాచీన నిర్మాణాలను గురించి భార్యకు రాసిన లేఖలలో తేలికగా మాట్లాడారు. సాంచీ స్తూపాన్ని తలపించే గుమ్మటం, ఛత్రాలు, చూరుల వంటి భారతీయ అంశాలు రాష్ట్రపతి భవనంలో చోటుచేసుకున్నాయంటే, అందుకు వైస్రాయి హార్డింజ్ ఒత్తిడి కూడా ఒక కారణం. ఆ హృదయంలో సానుభూతి లేదని మాత్రం అనలేము. దానిని మేల్కొలిపినది ఫ్రాన్స్‌లోని యుద్ధభూమి.

1917 మేలో సామ్రాజ్య యుద్ధ సమాధుల సంఘం ఏర్పడింది. దాని స్థాపనకు మూలపురుషుడు ఫేబియన్ వేర్. ఆ వేసవిలోనే లుట్యెన్స్‌ను, వాస్తుశిల్పి హెర్బర్ట్ బేకర్‌ను ఆయన ఫ్రాన్స్‌కు పిలిపించారు. యుద్ధం ఇంకా ముగియలేదు. దుక్కిచాళ్ల మధ్య, రోడ్ల పక్కన, కూలిన చర్చిల వెనుక కొయ్య గుర్తులతో లెక్కలేనన్ని సమాధులు. ఎక్కడబడితే అక్కడ అడవిపూలు. జీవితమంతా ధనికుల కోసం సొగసైన ఇండ్లు కట్టిన ఆయనను ఆ దృశ్యం కలచివేసింది. మరణించినవారిలో క్రైస్తవులే కాక హిందువులు, ముస్లిములు, సిక్కులు, యూదులు, ఏ మతాన్నీ నమ్మనివారు కూడా ఉన్నారు. కనుక ఏ మతానికీ చెందని, అందరికీ చెందే ఒక పెద్ద శిల ప్రతి సమాధివాటికలోనూ ఉండాలని ఆయన సూచించారు. సుమారు 12 అడుగుల పొడవు గల ఆ స్మరణశిల నేడు ప్రపంచంలోని అనేక సమాధివాటికలలో కనిపిస్తుంది. సిలువ ఉండి తీరాలని పట్టుబట్టినవారి కోసం మరొక వాస్తుశిల్పి బ్లూమ్‌ఫీల్డ్ ఒక రాతి సిలువను రూపొందించారు. చివరకు రెండింటికీ చోటు దక్కింది.

ఇంతకంటె పెద్ద వివాదం సమాధి ఫలకాల విషయంలో చెలరేగింది. సేనాని అయినా, సామాన్య సైనికుడైనా, ధనికుని కుమారుడైనా, కూలివాని కుమారుడైనా అందరికీ 81 సెంటీమీటర్ల ఎత్తుగల ఒకే కొలత ఫలకం ఉండాలని, మృతదేహాలను స్వదేశానికి తరలించరాదని సంఘం నిర్ణయించింది. ఇది ఎందరో తల్లిదండ్రులకు శరాఘాతమైంది. కన్నబిడ్డ దేహం ప్రభుత్వానిదా, తల్లిదా? ముగ్గురు కుమారులను కోల్పోయిన ఒక తల్లి ముందు నిలవగా, సమాధులపై సిలువ ఫలకాలకు అనుమతి కోరుతూ 8 వేల మందికి పైగా సంతకాలు చేసి 1919లో రాకుమారునికి విన్నపం పంపుకున్నారు. 1920 మే 4న పార్లమెంటులో తీవ్ర చర్చ జరిగింది. సంఘానికి సాహిత్య సలహాదారుగా ఉన్న రడ్యార్డ్ కిప్లింగ్ కుమారుడు కూడా 1915లో యుద్ధంలో మరణించాడు. ఆ బిడ్డ దేహం తండ్రికి దొరకలేదు. కనీసం సమాధి అయినా ఉన్నవారు అదృష్టవంతులని ఆయన పక్షాన పార్లమెంటులో విన్నవించారు. చివరకు సమానత్వ సూత్రమే నిలిచింది. అది న్యాయమని నేను భావిస్తాను. అయినా ఆ తల్లుల విన్నపాన్ని తలచుకున్నప్పుడు మనసు పూర్తిగా ఒప్పుకోదు.

లుట్యెన్స్ కీర్తిని శాశ్వతం చేసిన కట్టడం మాత్రం అనుకోకుండా వచ్చింది. 1919 జూన్ 28న వెర్సైల్స్ సంధిపై సంతకాలు జరిగాయి. జులై 19న లండన్‌లో విజయోత్సవ కవాతు జరపాలని ప్రభుత్వం నిశ్చయించింది. కవాతు చేసే సేనలు మృతవీరులకు వందనం చేయడానికి వీధిలో ఏదైనా తాత్కాలిక కట్టడం కావాలని ప్రధానమంత్రి లాయిడ్ జార్జ్ లుట్యెన్స్‌ను కోరారు. వ్యవధి రెండు వారాలకు మించి లేదు. ఆయన ఆనాడే చిత్తు నమూనా గీశారు. దానికి ఏ పేరు పెట్టాలన్నప్పుడు ఒక పాత ముచ్చట గుర్తుకు వచ్చింది. ఏళ్ల క్రితం జెకిల్ తోటలో బరువైన ఒక ఆసనాన్ని చూసి ఒక మిత్రుడు దానికి హాస్యంగా సెనొటాఫ్ అని పేరుపెట్టాడు. గ్రీకు భాషలో ఆ మాటకు శూన్య సమాధి అని అర్థం. దేహం మరెక్కడో ఉండగా, స్మృతి కోసం కట్టే సమాధి అది. తోటలో పుట్టిన హాస్యం ఒక జాతి దుఃఖానికి పేరైంది.

కొయ్యతో, ప్లాస్టరుతో చేసిన ఆ కట్టడం వైట్‌హాల్ వీధి నడుమ నిలిచింది. ఎత్తైన స్తంభం వంటి పీఠం. దానిమీద శవపేటిక. అంతే. సేనలు వందనం చేసి వెళ్లిపోయాయి. అసలు కథ ఆ తరువాత మొదలైంది. నల్లదుస్తులు ధరించిన స్త్రీలు పూలగుచ్ఛాలతో వచ్చి దాని పాదాలవద్ద ఉంచసాగారు. ఎవరూ వారిని రమ్మనలేదు. కుమారుని సమాధి ఎక్కడుందో తెలియని తల్లికి, తెలిసినా సముద్రం దాటి వెళ్లే స్తోమత లేని భార్యకు ఆ శూన్య పేటికలో తమవాడే ఉన్నట్లు తోచింది. కొద్ది రోజులు ఉంచి తీసివేయాలనుకున్న ఆ కట్టడాన్ని శాశ్వతం చేయాలని పత్రికలు కోరాయి. జులై 30న మంత్రివర్గం అందుకు అంగీకరించింది. విజయాన్ని చాటడానికి పిలిచిన కవాతు సంతాపానికి చిహ్నాన్ని మిగిల్చింది. ఈ మార్పును చేసినది ప్రభుత్వం కాదు, ప్రజలు.

రాతితో నిర్మించిన సెనొటాఫ్‌ను 1920 నవంబరు 11న అయిదవ జార్జి చక్రవర్తి ఆవిష్కరించారు. పేరు తెలియని ఒక సైనికుని దేహాన్ని అదే రోజున ఆ మార్గం గుండా తీసుకొని వెళ్లి వెస్ట్‌మినిస్టర్ ఆబేలో సమాధి చేశారు. మొదటి వారం రోజులలోనే పది లక్షల మందికి పైగా వచ్చి నివాళులర్పించారని అంచనా. 35 అడుగుల ఎత్తుగల ఆ కట్టడంలో నిటారుగా, సమతలంగా కనిపించే రేఖలన్నీ నిజానికి వంపు తిరిగినవే. నిలువు రేఖలను పైకి పొడిగిస్తే దాదాపు 1,000 అడుగుల ఎత్తున కలుసుకుంటాయి. అడ్డరేఖలు, నేలకు సుమారు 900 అడుగుల లోతున కేంద్రం గల వృత్తపు చాపాలు. ప్రాచీన గ్రీకు ఆలయ స్తంభాలలో కనిపించే సూక్ష్మమైన విద్య ఇది. కంటికి ఆ వంపు తెలియదు గాని రాయికి ఏదో ప్రాణమున్నట్లు అనిపిస్తుంది. దానిపై సిలువ లేకపోవడం క్రైస్తవానికి అవమానమని కొందరు నిరసించారు. సామ్రాజ్య సేనలో అన్ని మతాలవారూ పోరాడారన్న కారణంతో ప్రభుత్వం సిలువకు ఒప్పుకోలేదు.

అన్ని దేశాల స్మారకాలూ ఇటువంటివి కావు. జర్మనీ 1927లో టానెన్‌బర్గ్ యుద్ధభూమిలో ఎనిమిది బురుజుల కోట వంటి స్మారకాన్ని కట్టింది. నాజీలు దానిని తమ ప్రచారవేదికగా మార్చుకున్నారు. 1945లో సోవియట్ సేనలు సమీపిస్తుండగా జర్మన్ సైనికులే దానిని పేల్చివేశారు. లుట్యెన్స్ కట్టినవాటిలో అతి పెద్దది ఫ్రాన్స్‌లోని థీప్‌వాల్ స్మారకం. 1932 ఆగస్టు 1న ఆవిష్కరించిన ఆ తోరణాల సముదాయంపై, సోమ్ నదీ ప్రాంతంలో దేహాలు దొరకని 72 వేల మందికి పైగా సైనికుల పేర్లున్నాయి. తోరణం సాధారణంగా విజయానికి గుర్తు. ఇక్కడ మాత్రం అది పేర్లను మోయడానికి కావలసిన గోడలను సమకూర్చే ఉపాయం.

సామ్రాజ్యం నుండి విడిపోయిన దేశాలకు ఈ స్మారకాలు చిక్కుప్రశ్నగా మారాయి. ఐర్లండు సంగతే చూడండి. వేలాది ఐరిష్ యువకులు బ్రిటిష్ సేనలో పోరాడి మరణించారు. వారు ముందుసాలు కందకాలలో ఉండగానే స్వదేశంలో బ్రిటన్‌పై తిరుగుబాటు జరిగింది. యుద్ధానంతరం దేశం స్వతంత్రమైంది. ఆ మృతులకు డబ్లిన్‌లో పార్లమెంటు భవనం ఎదుట స్మారకం నిర్మించాలన్న ప్రతిపాదనను 1927లో మంత్రి కెవిన్ ఓ హిగిన్స్ వ్యతిరేకించారు. ఆయన సొంత సోదరుడే ఆ యుద్ధంలో మరణించాడు. మృతుల పట్ల ఆయనకు గౌరవం లేక కాదు. ప్రభుత్వ పీఠానికి ఎదురుగా అది నిలిస్తే, ఈ రాజ్యానికి ఆ యుద్ధమే పునాది అని రాబోయే తరాలు భ్రమపడతాయని ఆయన భయం. చివరకు నగరానికి దూరంగా, లిఫీ నదీతీరంలో, లుట్యెన్స్ ఒక స్మారక ఉద్యానాన్ని రూపొందించారు. బ్రిటిష్ సేనలో పనిచేసినవారూ, ఐరిష్ సేనలో పనిచేసినవారూ కలిసి దానిని నిర్మించారు. పనులు 1939 నాటికి ముగిసినా లాంఛనప్రాయమైన అంకితం 1988 వరకు జరగలేదు. మధ్యలో అది పాడుపడిన తోట.

ఢిల్లీలో కథ మరొక విధంగా నడిచింది. సుమారు 13 లక్షల మంది భారతీయులు ఆ యుద్ధంలో పాల్గొన్నారు. 70 వేల మందికి పైగా మరణించారు. యుద్ధం ముగిస్తే స్వపరిపాలన లభిస్తుందని ఎందరో ఆశించారు. లభించినది రౌలట్ చట్టం. 1919 ఏప్రిల్ 13న జలియన్‌వాలాబాగ్‌లో కాల్పులు జరిగినది కూడా పంజాబులోనే. సామ్రాజ్య సేనకు అత్యధికంగా సైనికులను అందించిన ప్రాంతం అది. ఈ నేపథ్యంలో 1921 ఫిబ్రవరి 10న, కన్నాట్ ప్రభువు అఖిల భారత యుద్ధ స్మారకానికి శంకుస్థాపన చేశారు. సహాయ నిరాకరణకు దిగిన కాంగ్రెసు ఆయన పర్యటనను బహిష్కరించింది. పదేళ్ల తరువాత, 1931 ఫిబ్రవరి 12న వైస్రాయి ఇర్విన్ దానిని ఆవిష్కరించారు. అదే ఇండియా గేట్. ఆవిష్కరణ జరిగిన అయిదు రోజులకే గాంధీజీ ఇర్విన్‌తో చర్చలకు వెళ్లారు. మృతులను గౌరవిస్తున్నామని చెప్పే ప్రభుత్వమే, వారి తోబుట్టువులను చెరసాలలలో ఉంచిన కాలమది.

42 మీటర్ల ఎత్తుగల ఆ తోరణంపై కూడా మతచిహ్నాలేవీ లేవు. 13 వేలకు పైగా పేర్లు చెక్కి ఉన్నాయి. స్మృతిదినాలలో అగ్నిని వెలిగించడానికి శిఖరంపై ఒక రాతిపాత్రను అమర్చారు. దానిని వెలిగించిన సందర్భాలు మాత్రం అరుదు. అయితే పేర్ల విషయంలో సమానత్వ సూత్రం అంతటా ఒకే విధంగా అమలు కాలేదు. ఇరాక్‌లోని బస్రా స్మారకంపై భారతీయ అధికారుల పేర్లు మాత్రమే చెక్కి, వేలాది సామాన్య సిపాయిలను రెజిమెంటువారీగా అంకెలకు కుదించారు. లండన్‌లో తల్లులను ఎదిరించి నిలబడిన సూత్రం బస్రా చేరేసరికి నీరుగారిపోయింది. ఆసియా, ఆఫ్రికా సైనికుల పట్ల ఇటువంటి వివక్ష జరిగిందని యుద్ధ సమాధుల సంఘమే 2021లో నివేదిక వెలువరించి క్షమాపణ చెప్పింది.

లుట్యెన్స్ 1944 జనవరి 1న లండన్‌లో మరణించారు. అస్థికలను సెయింట్ పాల్ ప్రధాన చర్చిలో భద్రపరిచారు. తాను కట్టిన నగరం పరాధీనం నుండి బయటపడడాన్ని ఆయన చూడలేదు. 1947 ఆగస్టు 15 సాయంకాలం ఇండియా గేట్ సమీపంలోని ప్రిన్సెస్ పార్కులో జాతీయపతాకం ఎగిరినప్పుడు జనసముద్రం ఆ తోరణం చుట్టూ పోటెత్తింది. డబ్లిన్ పాలకులు స్మారకాన్ని ఊరిబయటకు పంపగలిగారు. ఢిల్లీకి ఆ అవకాశం లేదు. రాజధాని ప్రధాన మార్గంపైనే అది నిలిచి ఉంది. స్వతంత్ర భారతం దానిని కూల్చలేదు, కొత్త అర్థాన్ని చేర్చింది. 1971 యుద్ధానంతరం, తోరణం కింద నల్లరాతి వేదికపై తలకిందులుగా నిలిపిన తుపాకి, దానిపై శిరస్త్రాణం, చుట్టూ జ్వాలలతో అమర్ జవాన్ జ్యోతి వెలసింది. 1972 జనవరి 26న ప్రధానమంత్రి ఇందిరాగాంధీ దానిని ప్రారంభించారు. చక్రవర్తి కోసం మరణించినవారి పేర్ల నీడలో, దేశం కోసం మరణించినవారి దీపం వెలిగింది. విజేత విగ్రహంతో, సిలువతో ఆ తోరణం నిండి ఉంటే ఆ దీపానికి అక్కడ చోటు దొరికేదా అన్నది ఆలోచించవలసిన విషయం.

తోరణానికి ఎదుట లుట్యెన్స్ రూపొందించిన రాతి మండపంలో అయిదవ జార్జి విగ్రహం ఉండేది. 1968లో దానిని తొలగించి కోరనేషన్ పార్కుకు తరలించారు. మండపం అర్ధశతాబ్దానికి పైగా ఖాళీగా ఉండిపోయింది. ఆ ఖాళీలో ఎవరిని నిలపాలన్న చర్చ ఎన్నోసార్లు జరిగింది. 2022 సెప్టెంబరు 8న, సామ్రాజ్యంపై సైన్యాన్ని నడిపిన నేతాజీ సుభాష్ చంద్రబోస్ విగ్రహాన్ని అక్కడ ఆవిష్కరించారు. 28 అడుగుల ఎత్తుగల ఆ విగ్రహాన్ని చెక్కిన ఏకశిల మన ఖమ్మం నుండి వెళ్లినది. దాని బరువు 280 టన్నులు.

అంతకు ముందే, 2019 ఫిబ్రవరి 25న సమీపంలో జాతీయ యుద్ధ స్మారకం ప్రారంభమైంది. స్వాతంత్ర్యానంతరం ప్రాణాలర్పించిన 25 వేల మందికి పైగా సైనికుల పేర్లు అక్కడి వలయాకారపు గోడలపై ఉన్నాయి. 2022 జనవరి 21న అమర్ జవాన్ జ్యోతిని తీసుకొని వెళ్లి అక్కడి జ్యోతిలో కలిపారు. ఇండియా గేట్‌పై ఉన్నవి వలసపాలన నాటి పేర్లని, 1971 అమరుల పేర్లు అక్కడ లేవని ప్రభుత్వం వివరించింది. యాభై ఏళ్లు ఒకేచోట వెలిగిన దీపాన్ని కదల్చడం మాజీ సైనికాధికారులలో కొందరికి బాధ కలిగించింది. ఇప్పుడు గణతంత్ర దినోత్సవాన ప్రధానమంత్రి నివాళులర్పించేది జాతీయ యుద్ధ స్మారకం వద్దనే. తోరణం మాత్రం యథాస్థానంలో ఉంది. సాయంకాలం పిల్లలు దాని చుట్టూ ఆడుకుంటారు, కుటుంబాలు ఫొటోలు దిగుతాయి. గోడల మీది పేర్లలో చాలావాటిని నేలమీద నిలబడి చదవడం కష్టం.